మా ఊరి రేషన్ షాపు: బియ్యం మంచిగున్నయి, వేలిముద్ర మిషన్‌తోనే గోస

జగిత్యాల దిక్కు మా ఊళ్ళో రేషన్ షాపు గురించి రాస్తున్న, పోయిన నెల అమ్మ వెంట రెండుసార్లు పోయిన. ముందు మంచి చెప్పాలె. 2025 ఉగాది నుంచి సన్నబియ్యం ఇస్తున్నరు, మనిషికి 6 కిలోలు, అన్నం మంచిగైతది, కాంటా కూడా మిషన్‌కే కనెక్ట్ కాబట్టి తూకంలో కొట్టేది లేదు, రసీదు చేతికిస్తరు.

ఇక మిషన్ సంగతి. అమ్మ 35 ఏండ్లు బీడీలు చుట్టింది, బొటనవేలు అద్దం లెక్క నున్నగైపోయింది. కొంగుతో తుడిచి పెట్టింది, పట్టలే. డీలర్ "పెద్దమ్మా, జర గట్టిగ ఒత్తు" అన్నడు, ఎడమ చెయ్యి పెట్టమన్నడు, పది వేళ్ళూ అయిపోయినయి, వెనక లైన్ల ఉన్నోళ్ళు తొందర పెడుతున్నరు, అమ్మ చెయ్యి వణుకుతున్నది. కార్డులో ఆమె ఒక్కతే, ఇంకొకరు వేలు పెట్టేటట్టు లేదు. కండ్ల మిషన్ పెట్టరాదా అన్నా అంటే చార్జింగ్ లేదు, రేపు రమ్మన్నడు. తెల్లారి పోతే ఐరిస్‌తో రెండు నిమిషాల్లో అయిపోయింది. మరి మొదటి రోజు ఎందుకు తిప్పినట్టు?

2013 ఆహార భద్రత చట్టం ప్రకారం ఈ బియ్యం మన హక్కు, ఎవరో దయతో ఇచ్చేది కాదు. వేలిముద్ర పడలేదని రేషన్ ఆపొద్దని 2017 అక్టోబర్‌లోనే ఆధార్ కార్డులిచ్చే సంస్థ ఉడాయ్ (UIDAI) సర్క్యులర్ ఇచ్చింది, పేరు రిజిస్టర్ల రాసుకొని సరుకు ఇయ్యాలె. 2018 ఆధార్ తీర్పుల సుప్రీంకోర్టు కూడా అర్హులకు ఇట్ల ఆపొద్దని చెప్పింది. కానీ మా షాపు గోడ మీద ధరల పట్టిక ఉన్నది, ఈ ముక్క లేదు. దొంగ కార్డులు పోవాలంటే మిషన్ ఉండాలె, దానికి నేను కాదనను, కానీ కష్టం చేసి వేళ్ళు అరిగినోళ్ళకే ఇది పట్టకపోవుడు చూస్తే కడుపుల దేవినట్టయితది. కరోనా టైంల వేలిముద్ర బంద్ పెట్టి ఐరిస్, ఓటీపీతో ఇచ్చిన్రు కదా, అంటే చేయాలనుకుంటే అయితది.

సరుకుకు 5కి 5, మిషన్‌కు 2. డీలర్ మనిషి మంచోడే, ఒక్కసారి కూడా కసురుకోలేదు. మీ ఇంట్ల ముసలోళ్ళుంటే పోయేముందే ఫోన్ చేసి ఐరిస్ చార్జింగ్ పెట్టమని చెప్పుండ్రి, అయినా కాకపోతే రిజిస్టర్ల రాసి ఇయ్యమని గట్టిగ అడుగుండ్రి, ఉత్త సంచితో వాపస్ రాకుండ్రి.