బెన్నీ లూయిస్ పద్ధతిలో జర్మన్: రెండేళ్లు వాడాక

మూడు నెలల్లో కొత్త భాష మాట్లాడొచ్చని చెప్పే బ్లాగరు బెన్నీ లూయిస్. ఎన్ని దేశాలు తిరిగాడు, ఎన్ని భాషల్లో వీడియోలు చేశాడు, అదంతా వదిలేస్తున్నాను. నేను ఆయన దగ్గర తీసుకున్నది ఒక్కటే మాట: మొదటిరోజు నుంచే మాట్లాడు. ఆ మాట నాకు చేసిన మేలు గురించి ఎంత చెప్పినా తక్కువే. చివర్లో కొంచెం కోపం కూడా ఉంది, అదెవరి మీదో చదివాక మీరే చెప్పండి.

నేను గుంటూరులో ఉంటూ విజయవాడకి రోజూ బస్సులో వెళ్లొచ్చే స్టాఫ్ నర్సుని. జర్మనీలో నర్సుగా పూర్తి గుర్తింపు రావాలంటే చాలాచోట్ల బీ2 స్థాయి (భాషకున్న ఆరు మెట్లలో నాలుగోది) అడుగుతారు. అందుకని ముందు ఒక కోచింగ్‌లో చేరాను, పేరెందుకులెండి. రెండు నెలలు డెర్, డీ, దాస్ (జర్మన్‌లో నామవాచకం ముందు దాని లింగాన్ని బట్టి వచ్చే మాటలు) పట్టికలు నోట్‌బుక్‌లోకి దించడమే పని. నోరు తెరిస్తే తప్పు, తప్పు చెప్తే వెనక బెంచీ నవ్వు. కట్టిన ఫీజు ఎందుకు వదులుకోవాలని మూడో నెల కూడా వెళ్లాను. ఒకరోజు నైట్ డ్యూటీ దిగి నేరుగా వెళ్లి, క్లాసులోనే నిద్రపోయాను. ఇక మానేశాను.

అప్పుడు దొరికింది బెన్నీ కథ. ఐర్లాండ్ మనిషి, ఇంజినీరింగ్ చదివాడు. స్కూల్లో ఏళ్ల తరబడి ఐరిష్, జర్మన్ చదివినా మాట్లాడటం రాలేదు. 2003లో స్పెయిన్ వెళ్లి ఆరు నెలలున్నా స్పానిష్ అంటలేదు, చుట్టూ ఇంగ్లీషు వచ్చినవాళ్లే కాబట్టి. ఇంగ్లీషు ఆపేసి, వచ్చిన నాలుగు ముక్కలతోనే నెట్టుకొచ్చాక గానీ దారి పడలేదు. 2009లో 'ఫ్లుయెంట్ ఇన్ 3 మంత్స్' బ్లాగు, 2014లో అదే పేరుతో పుస్తకం, చివరికి అదే ఆయనకి బతుకుతెరువైంది. పదో తరగతి దాకా హిందీ చదివి, విజయవాడ స్టేషన్లో ఎవరైనా హిందీలో ప్లాట్‌ఫాం అడిగితే చెయ్యి చూపించి ఊరుకునే నాకు ఇందులో మన కథే కనిపించింది.

సరే, ఐదు వాక్యాలు కాగితం మీద రాసుకున్నాను. నా పేరు, ఊరు, ఉద్యోగం, మెల్లగా చెప్పండి, ఇంకోసారి చెప్పండి. ఆ రాత్రే జర్మనీలో ఒక పెద్దావిడకి వీడియో కాల్. ఆవిడకి ఇంగ్లీషు కావాలి, నాకు జర్మన్ కావాలి, అదీ ఒప్పందం. నా ఐదు వాక్యాలూ ఒక్క నిమిషంలో అయిపోయాయి. మిగతా టైమంతా మెల్లగా చెప్పండి, ఇంకోసారి చెప్పండి అంటూనే గడిపాను. చెమటలు పట్టాయి. కానీ నేను గుంటూరు అన్నప్పుడు ఆవిడ మ్యాప్‌లో వెతికి, సముద్రం దగ్గరేనా అని జర్మన్‌లో అడిగింది. నాకు అర్థమైంది! మూడు నెలల కోచింగ్‌లో ఒక్క ప్రశ్న కూడా నన్ను ఉద్దేశించి ఎవరూ జర్మన్‌లో అడగలేదు.

అప్పట్నుంచి బస్సే నా క్లాస్‌రూం. ఒకరోజు మంగళగిరి దాటేదాకా వాక్యాలు గొణుక్కుంటూ ఉంటే పక్కసీటు మామ్మగారు "ఏం స్తోత్రమమ్మా అది, నాకూ రాసివ్వు" అన్నారు.

మాటలు గుర్తుంచుకోవడానికి బెన్నీ చెప్పే చిట్కా కూడా పనిచేసింది. ఫ్రెంచ్‌లో స్టేషన్‌ని గార్ అంటారు కాబట్టి, స్టేషన్లో గార్ఫీల్డ్ పిల్లి పరుగెత్తుతున్నట్టు ఊహించుకోమంటాడు. నాకు గార్ఫీల్డ్ ఎందుకు? కత్తెర జర్మన్‌లో షేరె, అమ్మ పట్టుచీరని కత్తిరించేస్తున్నట్టు అనుకున్నా. సూది నాడెల్, నాడి చూసి నాడెల్ గుచ్చాను. ఈ రెండూ జన్మలో మర్చిపోను. ఇంకొకటి, ఎవరూ చెప్పనిది: 'వైల్' అనే మాటతో కారణం చెప్పేటప్పుడు జర్మన్ క్రియ వాక్యం చివరికి పోతుంది. "వైల్ ఇష్ గెస్టర్న్ నాఖ్ట్‌డీన్స్ట్ హాటె." నిన్న నాకు నైట్ డ్యూటీ ఉంది కాబట్టి. ఇంగ్లీషులోంచి వెళ్తే ఇది తలకిందులుగా ఉంటుంది. తెలుగులోంచి వెళ్తే సగం మన వాక్యమే.

అసలు ఫలితం జర్మనీ ఉద్యోగం ఇంటర్వ్యూలో కనిపించింది. అక్కడి హెడ్ నర్సు, పేషెంట్ మందు వేసుకోనంటే ఏం చేస్తావు అని అడిగింది. నిరాకరించడం అనే మాట నాకు రాదు. పాత నేనైతే అక్కడే బిగుసుకుపోయేదాన్ని. "ఆయన వద్దంటాడు. నేను పక్కన కూర్చుంటాను. ఎందుకు అని అడుగుతాను" అన్నాను, వచ్చిన మాటలతోనే. ఆవిడ తల ఊపి ఏదో రాసుకుంది. టెన్షన్ లేదని కాదు, ఉన్నా నోరు ఆగలేదు.

ఇక పరీక్ష. గోథే అనే జర్మన్ సంస్థ పెట్టే బీ2 పరీక్షలో నాలుగు మాడ్యూళ్లు, ఒక్కోదానికి 100 మార్కులు, పాసవ్వాలంటే 60 రావాలి. ష్ప్రెషెన్, అంటే మాట్లాడటంలో, నాకు 84. ష్రైబెన్, రాయడంలో, 51.

ఎందుకో ఆలోచిస్తే సిగ్గేసింది. మాట్లాడేటప్పుడు డెర్, డీ, దాస్‌లలో ఏది కావాలో తెలియకపోతే 'డె' అని నమిలేసేదాన్ని. ఎవరికీ తెలిసేది కాదు. కాగితం మీద నమలడం కుదరదు కదా. జర్మన్‌లో నామవాచకం వాక్యంలో ఎక్కడొచ్చినా పెద్దక్షరంతో మొదలవ్వాలి. చెవితో నేర్చుకున్నదానికి పెద్దక్షరం ఎక్కడ వినిపిస్తుంది? 75 నిమిషాల్లో ఒక పెద్ద అభిప్రాయం, ఒక చిన్న మెసేజ్ రాయాలి. నియమం తెలిసి కూడా సగం చోట్ల చేతికి రాలేదు.

రోజుకి కనీసం 200 తప్పులు చెయ్యాలంటాడు బెన్నీ. నేను ఎక్కువే చేశాను. కానీ దిద్దేవాళ్లేరీ? ఆ పెద్దావిడ మర్యాదస్తురాలు, అర్థమైతే చాలు, ఒక్క తప్పూ ఎత్తిచూపేది కాదు. దిద్దమని నేనూ అడగలేదు, హాయిగా ఉంది కాబట్టి. రెండేళ్లలో ఆ తప్పులు సిమెంటులా గట్టిపడిపోయాయి. కాబట్టి కోపం నా మీదే. మూడు నెలల్లో భాష వస్తుందన్న లెక్కకీ బెన్నీని అనలేను. పగలంతా భాష మీదే కూర్చునేవాళ్లకి చెప్పిన లెక్క అది, షిఫ్టుల మధ్య బస్సులో గొణుక్కునేదాన్ని నేను.

మరి ఆయన పుస్తకం కొనాలా వద్దా, పద్ధతి పాటించాలా వద్దా అంటే నాకు సూటిగా చెప్పడం రాదు. మాట్లాడాలంటే భయపడే మనిషైతే, ఇంట్లో నిశ్శబ్దంగా అరగంట దొరికితే, మొదలుపెట్టండి. పరీక్ష తేదీ పెట్టుకున్నవాళ్లు మాత్రం రెండో నెల నుంచైనా వారానికొక పేజీ రాసి, కాస్త కఠినంగా ఉండేవాళ్లతో దిద్దించుకోండి. ఆ కోచింగ్ పట్టికల నోట్‌బుక్ అటక మీద నుంచి దింపాను. ఒప్పుకోవడం కష్టంగానే ఉంది కానీ, అందులో నాకు కావాల్సినవన్నీ ఉన్నాయి.

ఫెయిలైన మాడ్యూల్ ఒక్కటే మళ్లీ రాసుకోవచ్చు, వచ్చే నెల హైదరాబాద్ వెళ్తున్నాను. ఇప్పుడు బస్సులో గొణగడం తగ్గించి ఒళ్లో పుస్తకం పెట్టుకుని రాస్తున్నాను. కుదుపులకి గీతలు వంకర పోతున్నాయి కానీ, నామవాచకాలు పెద్దక్షరంతోనే మొదలవుతున్నాయి, మంగళగిరి దాకానైనా.