అదనపు లోడ్ నోటీసు వస్తే: కట్టేయడమా, ఫోరానికి వెళ్లడమా, హైకోర్టా?

ఏసీ, గీజరు పెట్టించాక చాలా ఇళ్లకు వచ్చే నోటీసే ఇది. మంజూరైన లోడ్ 2 కిలోవాట్లు, వాడకం 5, తేడాకు డెవలప్‌మెంట్ చార్జీలు, డిపాజిట్ కట్టమంటుంది. భయపడి ఆ రోజే కట్టేసేవాళ్లున్నారు, నేరుగా వకీలు దగ్గరికి పరిగెత్తేవాళ్లూ ఉన్నారు. ముందు నోటీసు ఏ నిబంధన కింద వచ్చిందో చూడండి. అదనపు లోడ్‌ను మంజూరు చేయించుకుని రెగ్యులరైజ్ చేసుకోమంటోందా, అనధికార వినియోగం గురించిన విద్యుత్ చట్టం 2003లోని 126వ సెక్షన్ అంటోందా? రెండింటికీ దారులు వేరు.

ఇళ్లకు వచ్చేవి ఎక్కువగా మొదటి రకం. మన రెండు రాష్ట్రాల్లోనూ సరఫరా నిబంధనల ప్రకారం నెల గడువిచ్చి, లోడ్ రెగ్యులరైజ్ చేసుకోమనో, అదనపు పరికరాలు తీసేయమనో అడగాలి. కట్టాలా పోరాడాలా అన్నది పాత బిల్లులే చెబుతాయి. వాటిలో ఆర్‌ఎండీ, అంటే ఆ నెలలో నమోదైన గరిష్ఠ డిమాండ్, ఉంటుంది. వేసవి నెలల్లో అది వరుసగా 4, 5 చూపిస్తుంటే కట్టేయడమే మేలు. ఆ లోడ్ ఇక మీ పేరు మీదే ఉంటుంది కాబట్టి డబ్బు వృథా కాదు. అలాకాక, ఏసీ 1.5, గీజరు 2, ఒక హెచ్‌పీ మోటారు 0.75, ఇస్త్రీ పెట్టె 1 అని ఇంట్లో సామాను లెక్కేసి 5 దాటించారనుకోండి. మీటరు మాత్రం ఏ నెలా 2 దాటలేదు. అప్పుడు బిల్లులు పట్టుకుని డిస్కం (కరెంటు పంపిణీ సంస్థ)లోని వినియోగదారుల ఫిర్యాదుల పరిష్కార ఫోరానికి వెళ్లండి. వకీలు అక్కర్లేదు. అక్కడ తేలకపోతే పైన అంబుడ్స్‌మన్ ఉన్నారు. ఈలోగా కరెంటు తీసేస్తారన్న భయముంటే 56వ సెక్షన్ చూడండి: అడిగిన మొత్తం, గత ఆరు నెలల సగటు బిల్లు, ఈ రెండింటిలో ఏది తక్కువైతే అది ‘నిరసనతో’ అని రాసి కడితే సరఫరా ఆపకూడదు.

126 అయితే కథే వేరు. మిల్లులు, దుకాణాలు ఎక్కువగా ఇందులో చిక్కుకుంటాయి. అసెస్‌మెంట్, అంటే కట్టాల్సిన మొత్తం లెక్క, టారిఫ్‌కు రెండింతల చొప్పున వేస్తారు. ‘వాడిన ప్రతి యూనిట్‌కూ డబ్బు కట్టాను, ఇంక తప్పేముంది?’ అన్న వాదన వినడానికి బాగుంటుంది గానీ నిలవదు. ఒడిశాలోని సీతారాం రైస్ మిల్లు కేసులో 2011లో సుప్రీంకోర్టు మంజూరును మించిన వాడకమూ అనధికార వినియోగమేనంది. 2022లో కేరళ విద్యుత్ బోర్డు కేసులోనూ అదే మాట. ఈ అసెస్‌మెంట్లను వినియోగదారుల కమిషన్‌కు తీసుకెళ్లడం కుదరదని 2013లోనే చెప్పేసింది. ఫిర్యాదుల ఫోరం పరిధిలోకీ ఇవి రావు.

హైకోర్టా? ఆ రైస్ మిల్లు వారు అక్కడే గెలిచారు. సుప్రీంకోర్టు దాన్ని కొట్టేసి, అభ్యంతరాలుంటే అసెస్‌మెంట్ అధికారికే చెప్పుకోమంది. వినకుండానే తుది ఉత్తర్వు ఇచ్చినప్పుడో, అధికారమే లేనివారు ఇచ్చినప్పుడో హైకోర్టులో రిట్ పిటిషన్‌కు అర్థముంది. మిగతా వాటికి ఖర్చు, కాలయాపన తప్పవు.

కాబట్టి 126లో నా ఓటు తుది ఉత్తర్వుకు ముందు వచ్చే తాత్కాలిక ఉత్తర్వు మీద రాసే అభ్యంతరాలకే. అందులోనూ రెండింతల రేటు మీద కాదు, కాలం మీద కొట్లాడండి. ఎప్పటినుంచి జరిగిందో తేలకపోతేనే 12 నెలలు వేస్తారు. మీటరు మెమరీలోని డేటా అడిగి తీసుకోండి. లోడ్ దాటడం మొదలై నాలుగు నెలలేనని అందులో కనిపిస్తే, అసెస్‌మెంట్ మూడో వంతుకు దిగుతుంది. లెక్క నిజంగా సరైనదే అనిపిస్తే ఆ తాత్కాలిక ఉత్తర్వు అందిన ఏడు రోజుల్లో కట్టి బయటపడే వీలూ ఉంది.

తుది ఉత్తర్వు వచ్చేశాక మామూలుగా 127వ సెక్షన్ అప్పీలే మిగులుతుంది. దానికి 30 రోజుల గడువు, ముందు సగం డబ్బు కట్టాలి. కట్టకుండా ఊరుకుంటే ఆ 30 రోజులు దాటినప్పటినుంచి ఏడాదికి 16 శాతం వడ్డీ, అదీ ఆరు నెలలకోసారి చక్రవడ్డీగా.