ఆడపిల్లకు హన్నా అని పేరు పెట్టాలా, అన్నా అని పెట్టాలా?

నిజానికి రెండూ ఒకే పేరు. హీబ్రూలో హన్నా అంటే కృప, దయ. అదే గ్రీకులోకి వెళ్లేసరికి ముందున్న 'హ' రాలిపోయి అన్నా అయింది, అంతే.

కానీ కథలు వేరు. హన్నా బైబిల్ పాత నిబంధన మనిషి, సమూయేలు ప్రవక్త తల్లి. పిల్లల్లేక గుడిలో ఏడుస్తూ, గొంతు బయటికి రాకుండా పెదవులు మాత్రం కదుపుతూ ప్రార్థిస్తుంటే, ఏలీ అనే యాజకుడు చూసి తాగి వచ్చిందనుకున్నాడు! ఆ ఒక్క సన్నివేశం కోసమైనా నాకు ఈ పేరంటే ఇష్టం.

అన్నా కొత్త నిబంధనలో వస్తుంది, లూకా 2లో బాల యేసును చూసిన ముసలి ప్రవక్త్రి. యేసు తల్లి మరియ ఉంది కదా, ఆమె అమ్మ పేరు కూడా అన్నా అంటారు గానీ అది బైబిల్లో లేదు, 2వ శతాబ్దపు ఒక గ్రంథం నుంచి వచ్చిన సంప్రదాయం. క్యాథలిక్కులు జులై 26న ఆమె పండుగ చేసుకుంటారు. యూరప్‌లో శతాబ్దాల పాటు ఎక్కువగా వినిపించింది అన్నానే, ఇంగ్లిష్ వాళ్లలో హన్నా ఊపందుకుంది 16వ శతాబ్దంలో ప్రొటెస్టెంట్లు వచ్చాకే.

నా ఓటు హన్నాకే. కారణం చిన్నదే: తెలుగింట్లో ఆడపిల్లను "అన్నా, ఇటు రా" అని పిలిస్తే ముందు వాళ్ల అన్నయ్య వస్తాడు.