మాంత్రికుడి వేధశాలకు ఆకాశం అరువిచ్చిన స్టెల్లేరియం: ఆరేళ్ళ వాడకం తర్వాత

నేను రాస్తున్న ఫాంటసీ నవలలో కొండ మీద ఒక వేధశాల ఉంది. ముసలి మాంత్రికుడొకడు అక్కడ చుక్కల్ని చూసి, లెక్క కట్టి మంత్రం వేస్తాడు. మొదటి అధ్యాయంలో చుక్కల్ని నోటికొచ్చినట్టు చల్లేశాను. అది చదివి మా తమ్ముడు, "అదేంటన్నా, రోహిణి, జ్యేష్ఠ రెండూ ఒకేసారి నడినెత్తిన ఎలా ఉంటాయి?" అన్నాడు. నిజమే, అవి ఎదురెదురు చుక్కలు. ఒకటి పైకొచ్చే వేళకు రెండోది దిగిపోతుంది. ఆ పరువు నష్టంతోనే, కంప్యూటర్ తెర మీద ఆకాశాన్ని చూపించే స్టెల్లేరియం అనే ప్రోగ్రాం దించుకున్నాను.

కంప్యూటర్లో వాడేది పూర్తిగా ఉచితం. ఫాబియన్ షెరో అనే ఫ్రెంచి ప్రోగ్రామర్ 2000లో మొదలుపెట్టారు. దించుకోగానే ఆరు లక్షలకు పైగా నక్షత్రాలు వచ్చేస్తాయి, నా నవలకు అందులో వంద చాలు. ఎఫ్6 నొక్కి ఊరు మార్చుకోవాలి, ఎఫ్5 నొక్కి తేదీ మార్చుకోవాలి. జి నొక్కితే కాళ్ళ కింద నేల మాయం. మంత్రాల పుస్తకం రాసేవాడికి ఈ ఒక్క మీట చాలు సంబరపడటానికి.

నా అసలు పని ఎఫ్5తోనే. భూమి అక్షం బొంగరం తల ఊగినట్టు సుమారు 26,000 ఏళ్ళకోసారి చుట్టు తిరుగుతుంది కదా, దాంతో ధ్రువ నక్షత్రం కూడా మారిపోతుంది, అందుకని కథను 14000వ సంవత్సరానికి తోసేశాను. చోటు 17 డిగ్రీల ఉత్తర అక్షాంశం, అంటే దాదాపు మన హైదరాబాదుదే. అప్పుడు అభిజిత్తు (వేగా) ధ్రువ నక్షత్రమవుతుందని ఎక్కడో చదివి, "కదలని అభిజిత్తు" అని మాంత్రికుడి చేత గొప్పగా అనిపించాను. ఎల్ మీట నొక్కి కాలాన్ని వేగంగా తిప్పి చూస్తే అభిజిత్తు కదులుతోంది! ధ్రువానికి నాలుగైదు డిగ్రీల అవతల ఉండి, చిన్న గుండ్రం గీస్తోంది. చెయ్యి చాపి మూడు వేళ్ళు కలిపి పట్టుకుంటే అడ్డంగా ఎంతో, దాదాపు అంత. నా మాంత్రికుడి మాట అబద్ధమైంది. ఆ అబద్ధాన్ని దిద్దకుండా కథలోనే ఉంచాను: గురువు కదలదన్నాడు, కొత్తగా చేరిన పిల్ల రాత్రంతా మేలుకుని కదులుతుందని పట్టేసింది. నవలలో నాకు బాగా నచ్చిన అధ్యాయం అదే.

ఇంకా తమాషా ఉంది. ఇప్పుడు డిసెంబరు నడిరాత్రి ఎత్తున కనిపించే ఆర్ద్ర, ఆ కాలానికి జూన్ నడిరాత్రి చుక్క అయిపోయి, దక్షిణాన కిందికి జారిపోతుంది. వృశ్చికమేమో నవంబరు చలిలో నడినెత్తికి వస్తుంది. ఇది నేను కల్పించగలిగింది కాదు. తారల విషయంలో ఇంత దూరం వెళ్ళినా పర్వాలేదు గానీ, గ్రహాల లెక్కకు వాడే పద్ధతి 8000వ సంవత్సరం దాకానే నమ్మదగింది. అందుకే నా కథలో శని, గురుడు ఎక్కడున్నారో మాంత్రికుడు చెప్పడు, గొణుగుతాడంతే.

వేధశాల ముంగిలి కూడా కట్టుకున్నాను. మా ఊరి గుట్ట మీద ఫోన్‌తో చుట్టూ ఫొటో తీసి, ఆకాశం ఉన్న భాగం చెరిపి పీఎన్‌జీ చేసి, చిన్న సెట్టింగుల ఫైలుతో కలిపి జిప్ చేసి స్టెల్లేరియంలో నేలగా చేర్చాను. ఉత్తరం ఎటో సరిచూడటం మరిచాను. దాంతో పొద్దు గుడి వెనక నుంచి రావాల్సింది చెరువులోంచి లేచింది. రెండు రోజులు ప్రోగ్రాంని తిట్టుకుని, తప్పు నాదేనని తెలిశాక తిప్పుకున్నాను.

ఆకాశం ఎంత చీకటో చెప్పే బోర్టిల్ సంఖ్య (1 అంటే కటిక చీకటి, 9 అంటే నగర వెలుగు) 1 పెడితే పాలపుంత పొగలా పరుచుకుంటుంది. మా ఇంటి మేడ ఎనిమిదో తొమ్మిదో. భారతీయ ఆకాశం ఎంచుకుంటే నక్షత్రాల పేర్లు మనవే వస్తాయి, కానీ మా నాయనమ్మ చెప్పిన పిల్లలకోడి అందులో కనబడలేదు. కృత్తికలే ఉన్నాయి.

కొత్తవాళ్ళకు ఒక మాట: మెనూలు ఎడమ పక్కన, కింది అంచున దాక్కుని ఉంటాయి. మౌస్ అక్కడికి తీసుకెళ్తే గానీ బయటపడవు. నాకు ఇది తెలియడానికి వారం పట్టింది.

చిక్కంతా రెండో చంద్రుడితో. నా లోకంలో ఇద్దరున్నారు. బొత్తం నొక్కి చంద్రుణ్ణి పుట్టించే వీలు లేదు, కక్ష్య అంకెలు రాసి ఫైలులో చేర్చుకోవాలి. మూడుసార్లు ప్రయత్నించి వదిలేశాను. రెండో చంద్రుణ్ణి ప్రస్తుతం ఇంట్లో గోడ క్యాలెండర్ మీద పెన్సిల్‌తో గీసుకుంటున్నాను.