ఫ్లోరెన్స్‌లో ప్రైవేట్ గైడా, గ్రూప్ టూరా? అమ్మానాన్నలతో వెళ్తే ఏది మేలు?

ఈ మధ్య ఇండియా నుంచి అమ్మానాన్నలను రప్పించుకుని ఇటలీ చూపిద్దామనుకుంటున్న స్నేహితులంతా ఒకటే అడుగుతున్నారు. రైళ్లు, హోటళ్లు బుక్ చేసేశాం, ఫ్లోరెన్స్‌లో పాత ఊరంతా నడిచే చూడాలంటున్నారు, దానికి ప్రైవేట్ గైడ్‌ని పెట్టుకోవాలా లేక గ్రూప్ టూర్ సరిపోతుందా అని. నడిచి తిరగడానికి 200 యూరోలా అన్న సందేహం అందరిలోనూ ఉంది. మేము ఈమధ్యే అమ్మానాన్నలను, మా అత్తగారిని, మామగారిని తీసుకుని వెళ్లొచ్చాం, ప్రైవేట్ గైడ్‌నే పెట్టుకున్నాం. అంతకు ముందు స్నేహితులతో వెళ్లినప్పుడు గ్రూప్‌లో తిరిగాను. రెండూ చూశాను కాబట్టి, నాకు ఏది మేలనిపించిందో, ఎందుకో చెబుతాను.

ముందు డబ్బు లెక్క తేల్చేద్దాం. ప్రైవేట్ గైడ్ రేటు మామూలుగా తలకు కాదు, మొత్తం బృందానికి. మేము వాకబు చేసినప్పుడు రెండున్నర గంటలకు 180 నుంచి 250 యూరోల దాకా చెప్పారు. గ్రూప్ టూర్ అయితే తలకు 25 నుంచి 45 మధ్య. ఇద్దరే వెళ్తుంటే ప్రైవేట్ బాగా ఖరీదు, అందులో అనుమానం లేదు. మేము ఆరుగురం. తలకు 35 చొప్పున వేసుకున్నా గ్రూప్‌కి 210 అవుతుంది, అంటే దాదాపు సమానం. ఈ ఒక్క లెక్క వేసుకోకుండా ప్రైవేట్ అనగానే మనకెందుకులే అని వదిలేస్తున్నవాళ్లు చాలామంది ఉన్నారు, అందుకే మొదటే చెప్పాను.

రెండో అపోహ, ప్రైవేట్‌లో మంచి గైడ్ వస్తారు, గ్రూప్‌లో ఎవరో ఒకరు వస్తారు అనేది. ఇటలీలో గైడ్ పని చేయాలంటే పరీక్ష రాసి లైసెన్స్ తెచ్చుకోవాలి. 2023 చివర్లో వచ్చిన చట్టంతో దేశమంతటికీ ఒకే పరీక్ష, ఒకే జాబితా అయింది. పొద్దున గ్రూప్‌ని తిప్పిన మనిషే మధ్యాహ్నం ఒక కుటుంబాన్ని విడిగా తిప్పడం మామూలే. నేను గ్రూప్‌లో వెళ్లినప్పుడు వచ్చిన గైడ్ కూడా చాలా బాగా చెప్పారు. కాబట్టి తేడా మనిషిలో లేదు, చెప్పే పద్ధతిలో ఉంది.

నా దృష్టిలో అసలు విషయం ఇక్కడే ఉంది. గ్రూప్‌లో గైడ్ ఆగరు, ఆగలేరు కూడా. ఇరవై, పాతిక మంది, అందరి చెవుల్లో హెడ్‌సెట్, ముందు జెండానో గొడుగో పట్టుకుని గైడ్ నడుస్తూనే మాట్లాడుతుంటారు. (వెనిస్‌లో అయితే 2024 నుంచి గుంపుకి 25 మందికి మించకూడదని, లౌడ్‌స్పీకర్లు వాడకూడదని రూల్ పెట్టారు. గుంపులు ఏ స్థాయిలో ఉంటాయో దాన్నిబట్టి ఊహించుకోండి.) మన అమ్మానాన్నల్లో చాలామందికి ఇంగ్లీషు వచ్చు, కానీ ఇటాలియన్ యాసలో, పరుగు మీద వచ్చే ఇంగ్లీషు, అందులో మెదిచి, గిబెర్తి, బ్రునెలెస్కీ లాంటి పేర్లు వరసగా వచ్చి పడుతుంటే రెండు నిమిషాల్లో వదిలేస్తారు. మనం తెలుగులో చెబుదామంటే మన చెవిలోనూ హెడ్‌సెట్ ఉంది. అది తీసి చెప్పేలోపు గైడ్ తర్వాతి సంగతిలోకి వెళ్లిపోతారు, గుంపు తర్వాతి వీధిలోకి వెళ్లిపోతుంది. చివరికి పెద్దవాళ్లు ఫొటోలు దిగి, జెండా వెనక నడిచి, ఊరంతా చూసి కూడా ఏమీ వినకుండానే తిరిగొస్తారు. వాళ్లు చూడాలని ఇంత దూరం తీసుకొచ్చి ఇలా జరిగితే ఆ డబ్బు ఆదా అయినట్టా?

ప్రైవేట్‌లో మేము ముందే మెయిల్‌లో రాశాం, నాలుగైదు వాక్యాలు చెప్పి ఆగండి, మేము మా భాషలో చెప్పుకుంటాం, వాళ్లు ఏమైనా అడిగితే మీకు చెబుతాం అని. మా గైడ్ సరిగ్గా అలాగే చేశారు. ఆ ఖాళీల్లోనే మా పెద్దవాళ్ల నోటి నుంచి ప్రశ్నలు రావడం మొదలైంది.

నాన్న రోడ్లు భవనాల శాఖలో ఇంజినీరుగా చేసి రిటైరయ్యారు. ఊళ్లోని పెద్ద చర్చి, డువోమో ముందు నిలబడగానే ఆయనకు వచ్చిన మొదటి ప్రశ్న, ఇంత పెద్ద గోపురానికి సెంట్రింగ్ ఎలా కొట్టారు అని. గైడ్ మొహం వెలిగిపోయింది, ఎందుకంటే ఆ కట్టడం కథంతా ఆ ప్రశ్నలోనే ఉంది. 1296లో మొదలుపెట్టిన చర్చి ఇది. మిగతాదంతా లేచాక కూడా మధ్యలో దాదాపు 45 మీటర్ల వెడల్పున నెత్తి మీద కప్పు లేకుండా ఉండిపోయింది. నేల నుంచి 50 మీటర్లకు పైన మొదలయ్యే గోపురానికి కింద నుంచి కలప ఆసరా కట్టాలంటే అంత కలప తెచ్చేదెక్కడ? 1418లో పోటీ పెడితే, వృత్తిరీత్యా కంసాలి అయిన బ్రునెలెస్కీ అసలు సెంట్రింగే లేకుండా కడతానన్నాడు. ఒకదాని లోపల ఒకటిగా రెండు పొరల గోపురం, వరసలు జారిపోకుండా మధ్యమధ్య ఇటుకలను నిలువుగా పెట్టి చేపముల్లులా పేర్చడం, బరువుకి బయటికి తన్నకుండా గోడ లోపల రాతి గొలుసులు, కలప గొలుసు. సామాను పైకి లాగడానికి ఎద్దులు తిప్పే యంత్రం, దాంట్లో ఎద్దులను వెనక్కి తిప్పనక్కర్లేకుండానే బరువు దించే గేరు. 1420లో మొదలై 1436కి గోపురం మూసుకుంది, 40 లక్షలకు పైగా ఇటుకలు పట్టాయంటారు. నాన్న ఒక్కో సంగతికీ ఇంకో ప్రశ్న వేశారు, ఆమె నోట్‌బుక్ తీసి ఇటుకల వరస గీసి చూపించారు. అక్కడే దాదాపు అరగంట అయిపోయింది. గ్రూప్‌లో ఇదే గోపురానికి ఐదారు నిమిషాలు దక్కుతాయి. అది గ్రూప్ గైడ్ తప్పు కాదు, పాతిక మందిలో ఇటుకల గురించి వినాలనుకునేవాళ్లు ఇద్దరో ముగ్గురో ఉంటారు.

అమ్మది ఇంకో దారి. డువోమో ఎదురుగా ఎనిమిది పలకల బాప్టిస్టరీ ఉంటుంది కదా, ఊళ్లో పుట్టిన పిల్లలందరికీ వందల ఏళ్లపాటు అక్కడే బాప్తిస్మం ఇచ్చేవారట. పద్నాలుగో శతాబ్దంలో లెక్క కోసం మగపిల్లవాడికి ఒక నల్ల చిక్కుడు గింజ, ఆడపిల్లకు తెల్ల గింజ పక్కన పెట్టేవారని గైడ్ చెప్పారు. అది తెలుగులో చెప్పగానే అమ్మ, మరి ఎవరూ లేని పిల్లల సంగతేంటి అని అడిగింది. గైడ్ ఒక్క నిమిషం ఆలోచించి, మీకు ఫర్వాలేదంటే దారి మారుద్దాం అన్నారు. నిజానికి మేము సిగ్నోరియా చౌక్ వైపు వెళ్లాలి. దానికి బదులు ఉత్తరంగా, పది నిమిషాల లోపే, అనాథ శిశువుల ఆశ్రమం ముందుకి తీసుకెళ్లారు. ఆ వరండా కమానులు కూడా బ్రునెలెస్కీవే, 1419లో మొదలుపెట్టాడు. కమానుల పైన నీలం పలకల మీద, గుడ్డలు చుట్టిన పసిబిడ్డల బొమ్మలు ఉంటాయి, శిల్పి ఆంద్రేయా డెల్లా రోబియా చేసినవి. 1445 ఫిబ్రవరి 5న ఇక్కడికి వచ్చిన మొదటి పాపకు అగాతా స్మెరాల్దా అని పేరు పెట్టారు. బిడ్డను వదిలిపెట్టే కిటికీని 1875లో మూసేశారు. కొందరు తల్లులు ఒక పతకాన్నో నాణేన్నో సగానికి విరిచి, ఒక ముక్క బిడ్డ దగ్గర ఉంచి రెండోది తమతో తీసుకెళ్లేవారట, ఎప్పటికైనా తిరిగొచ్చి గుర్తు పట్టడానికి. ఆ ముక్కలు లోపలి మ్యూజియంలో ఉన్నాయి. అమ్మ, అత్తగారు మర్నాడు మళ్లీ అక్కడికే వెళ్దామన్నారు, వెళ్లాం. గ్రూప్ టూర్ల మామూలు దారిలో ఈ చౌక్ సాధారణంగా ఉండదు, ఉన్నా ఒక ప్రశ్న కోసం పాతిక మందిని దారి మళ్లించలేరు కదా.

నడక సంగతి కూడా ఉంది. ఫ్లోరెన్స్ చిన్న ఊరే, స్టేషన్ నుంచి డువోమోకి పది నిమిషాలు, అక్కడి నుంచి పొంటె వెక్కియో వంతెనకు ఇంకో పది. కానీ కింద అంతా రాతి పలకలు, మోకాళ్ల నొప్పి ఉన్నవాళ్లకు తొందరగా తెలిసిపోతుంది, పైగా కేఫ్‌లో డబ్బులిచ్చి కూర్చుంటే తప్ప కూర్చునే చోట్లు తక్కువ. స్ట్రోజ్జి ప్యాలెస్, మెదిచి ప్యాలెస్ లాంటి పాత మేడల గోడల వెంట బయటివైపు రాతి బెంచీలు ఉంటాయని గైడ్ చెప్పేదాకా నాకూ తెలియదు. అచ్చం మన ఇళ్ల ముందు అరుగుల్లాగే, యజమానిని కలవడానికి వచ్చినవాళ్లు, దారిన పోయేవాళ్లు కూర్చోవడానికి కట్టినవి. మామగారు స్ట్రోజ్జి ప్యాలెస్ అరుగు మీద కూర్చుని మంచినీళ్లు తాగి, ఒకప్పుడు ఈ ఊళ్లో పెద్ద కుటుంబాలైన మెదిచి వాళ్లకు, స్ట్రోజ్జి వాళ్లకు ఎందుకు పడలేదో మొత్తం అక్కడే విన్నారు.

గైడ్‌కి మనమెవరో తెలియడం వల్ల వచ్చిన లాభం ఇంకొకటి. మేము ఇండియావాళ్లం కాబట్టి, ఊరికి పడమటి చివర కాషీనె పార్కులో కొల్హాపూర్ మహారాజు రాజారాం స్మారకం ఉందని ఆమె చెప్పారు. ఇంగ్లండ్ చూసి తిరిగొస్తూ 1870లో ఇక్కడ చనిపోతే, ఆర్నో నదిలో మున్యోనె వాగు కలిసే చోట, ఒడ్డునే దహనం చేశారు. 1874లో అక్కడ ఛత్రం కింద ఆయన విగ్రహం పెట్టారు. పక్కనున్న వంతెనను ఇప్పటికీ ‘ఇండియన్’ వంతెన అనే పిలుస్తారు. నడిచే దూరం కాదు, సాయంత్రం మేమే ట్యాక్సీలో వెళ్లాం. ఇంటికి ఇంత దూరాన చనిపోయిన ఆ ఇరవయ్యేళ్ల కుర్రాడి గురించి నాన్న రాత్రంతా మాట్లాడుతూనే ఉన్నారు.

ఇక గ్రూప్ ఎవరికి మంచిది? ఇద్దరు ముగ్గురు, అందరికీ ఇంగ్లీషు ధారాళంగా వచ్చు, వేగంగా నడవగలరు, ఊళ్లో ఒక్క పగలే ఉంది అనుకుంటే గ్రూపే తీసుకోండి, డబ్బు మిగులుతుంది, నష్టమేమీ లేదు. డేవిడ్ విగ్రహం ఉన్న అకాడెమియా టికెట్ కలిపి ఇచ్చే గ్రూప్ టూర్లు కూడా ఉంటాయి, ఆ టికెట్లు అయిపోయిన రోజుల్లో అదొక దారి. పదిహేను మంది లోపు గ్రూప్ అని స్పష్టంగా రాసినది దొరికితే కొంచెం ఎక్కువైనా అదే ఎంచుకోండి.

టిప్పుల మీద నడిచే ఫ్రీ టూర్లు స్టూడెంట్లకు బాగుంటాయి. బొలోన్యాలో చదువుకునే మన పిల్లలు ఫాస్ట్ ట్రైన్‌లో నలభై నిమిషాల లోపే వచ్చి ఇవే చూసి వెళ్తుంటారు. పెద్దవాళ్లతో కలిసి ఆరుగురు వెళ్తే మాత్రం టిప్పులు కూడా ఎంతో కొంత అవుతాయి, గుంపు ఇంకా పెద్దది. ఆడియో గైడ్‌ని ఆపుకోవచ్చు, అదొక్కటే దాని సుగుణం, అమ్మ ప్రశ్నకు అది జవాబు చెప్పలేదు. ఓపెన్ టాప్ బస్సులు ఈ ఊళ్లో వద్దు, పాత ఊరి సన్నటి వీధుల్లోకి అవి రావు.

ప్రైవేట్ అన్నాను కదా అని ఉఫీజీ మ్యూజియం లోపలికి కూడా ప్రైవేట్ గైడ్‌ని తీసుకెళ్లమని నేను చెప్పను. మ్యూజియంలో ప్రతి బొమ్మ పక్కనా పేరు, కాలం రాసి ఉంటాయి, చూడదలుచుకున్న నాలుగు గదులు ముందే అనుకుని వెళ్లి మనమే చూసుకోవచ్చు, అలసిపోతే బయటికి రావచ్చు. వీధులకు అలాంటి లేబుళ్లు లేవు. డువోమో వెనక నేల మీద ఒక తెల్ల చలువరాతి బిళ్ల ఉంటుంది, పిడుగు పడి గోపురం పైనున్న బంగారు పూత రాగి గోళం దొర్లి పడ్డ చోటు అది. దాని మీదుగా రోజుకు ఎంతమంది చూడకుండా నడిచిపోతారో! గైడ్ కోసం పెట్టే డబ్బు వీధిలో పెట్టండి.

బుక్ చేసేటప్పుడు, పెద్ద సైట్ ద్వారా కాకుండా వీలైతే గైడ్‌కే నేరుగా మెయిల్ రాయండి. లైసెన్స్ ఉందా, ధర మొత్తానికా తలకా, చర్చి టికెట్లు ఏమైనా కలిపారా అని అడగండి. పెద్దవాళ్ల వయసు, ఎంత నడవగలరు, ఏం పని చేసేవారు, దేని మీద ఆసక్తి అన్నీ రాయండి. దానికి వచ్చే జవాబే మీకు చాలా చెబుతుంది, రెండు వాక్యాలు ముక్తసరిగా రాసినవాళ్లను వదిలేసి, తిరిగి ప్రశ్నలు వేసినవాళ్లను పెట్టుకోండి. మూడు గంటల ప్యాకేజీ వద్దు, రెండు లేదా రెండున్నర చాలు. గోపురం ఎక్కాలంటే 463 మెట్లు, లిఫ్ట్ లేదు, దాన్ని ఈ నడకలో కలపకండి. వేసవి అయితే పొద్దున ఎనిమిదిన్నరకే మొదలుపెట్టండి, తొమ్మిదిన్నర దాటాక డువోమో చుట్టూ నిలబడి మాట్లాడుకునే చోటు ఉండదు. సోమవారం ఉఫీజీ, అకాడెమియా రెండూ మూసి ఉంటాయి కాబట్టి, మీ ట్రిప్‌లో సోమవారం పడితే గైడ్‌తో నడక ఆ రోజుకే పెట్టుకోండి.