చెనక్కాయ పడని పిల్లకి ఫేర్ వాళ్ళ ప్లాన్ షీట్, మా అనుభవం (4 స్టార్లు)

మాది తిరుపతి, సంగటి చేస్తే పక్కన చెనక్కాయల ఊరిబిండి ఉండాల్సిందే, చెనక్కాయ లేని వంటిల్లు మా జిల్లాలో యాడుంది చెప్పండి. అట్లాంటి ఇంట్లో మా పాప నాలుగో ఏట చిక్కీ ముక్క కొరికి పది నిమిషాల్లో పెదాలు ఉబ్బి, ఒళ్ళంతా దద్దుర్లు లేచి, ఆటోలో ఆస్పత్రికి పరిగెత్తినాం.

అమెరికాలో ఉండే మా మరిది ఫేర్ (ఫుడ్ అలెర్జీ రీసెర్చ్ అండ్ ఎడ్యుకేషన్) గురించి చెప్పినాడు, తిండి అలెర్జీల మీద పనిచేసే అక్కడి ఎన్జీవో, 2012లో రెండు పాత సంస్థలు కలిసి ఏర్పడింది. వాళ్ళ ఎమర్జెన్సీ ప్లాన్ షీట్ ఫ్రీనే. తేలిక లక్షణాలు ఒకపక్క, ప్రాణం మీదికొచ్చేవి ఒకపక్క, ఊపిరి ఆడకపోతే ముందు ఎపినెఫ్రిన్ (అడ్రినలిన్) సూదే, అలెర్జీ మాత్రని నమ్ముకోవద్దని గట్టిగా రాసుంటారు. ఈ ఒక్క మాటకే నాలుగు స్టార్లు, మేము ఆరోజు ముందు మాత్ర వేసి చూస్తా కూర్చున్నాం మరి.

ఒక స్టార్ ఎందుకు తగ్గించానంటే అంతా అమెరికా లెక్కే. షీట్ మీద వాళ్ళ ఎమర్జెన్సీ నంబర్ 911 కొట్టేసి మన 108 రాసినా, వాళ్ళు చెప్పే ఆటో ఇంజెక్టర్ (తొడకి ఆనించి నొక్కితే మందు లోపలికి పోయే పెన్ను లాంటి సూది) మా మందుల షాపుల్లో దొరకలేదు, డాక్టర్ గారు ఆంప్యూల్ (మందుండే చిన్న గాజుసీసా), సిరంజి ఇచ్చి ఎట్లా వేయాలో నేర్పించినారు. కింద తెలుగులో రాసి స్కూల్ మిస్‌కి ఒక కాపీ ఇచ్చినా.

ఫేర్ వాళ్ళు రీసెర్చ్‌కీ డబ్బులిస్తారు. 2015లో వచ్చిన లీప్ స్టడీకి సాయం చేసినవాళ్ళలో వీళ్ళూ ఉన్నారు, అలెర్జీ రిస్క్ ఎక్కువున్న 640 మంది పసిపిల్లల్లో చిన్నప్పట్నించే చెనక్కాయ తిన్నవాళ్ళకి ఆ అలెర్జీ దాదాపు 80 శాతం తగ్గిందంట. మా అత్తేమో పాపని మూడేళ్ళదాకా చెనక్కాయ ముట్టనీలేదు! రెండోవాడికి డాక్టర్ని అడిగే మొదలుపెట్టినాం.

నువ్వుల పేరు కూడా ప్యాకెట్ మీద వేయాలని అక్కడ పోరాడి 2021లో చట్టం తెప్పించుకున్నారు. మన దేశంలో తిండి భద్రత చూసే ఎఫ్‌ఎస్‌ఎస్‌ఏఐ అలెర్జీ లిస్టులో చెనక్కాయ ఉంది, నువ్వులు లేవు.