అభయారణ్యం పక్కన ప్లాటు అంటున్నారా? డబ్బు కట్టేముందు ఇది చదవండి

వరంగల్, హనుమకొండ వాళ్లకు ముఖ్యంగా చెబుతున్నాను. ఏటూరునాగారం అభయారణ్యం పక్కన గుంటల లెక్కన ప్లాట్లు ఉన్నాయని ఎవరైనా ఫోను చేస్తే ఒక్క రూపాయి కూడా ఇవ్వకండి. నేను 2 లక్షలు ఇచ్చాను. 60 వేలు తిరిగి వచ్చాయి. మిగతా డబ్బుకు ఇచ్చిన చెక్కు బ్యాంకులో చెల్లలేదు.

మా బావమరిది తెచ్చిన బేరం కాబట్టి మొదట అనుమానం రాలేదు. (ఇప్పుడు మా ఇంట్లో ఆ మాట ఎత్తడం నిషేధం.) ఐదు గుంటలు, చుట్టూ కంచె, మామిడి మొక్కలు వాళ్లే నాటి పెంచుతారు, పొద్దున్నే లేచి తలుపు తీస్తే దుప్పులు కనిపిస్తాయి అన్నారు. వాళ్లిచ్చిన రంగుల కాగితం మీద దుప్పి పక్కన ఒక సింహం కూడా ఉంది. ములుగు అడవిలో సింహం ఎక్కడిది నాన్నా అని మా అమ్మాయి నవ్వింది. అచ్చువాడి పొరపాటులే అన్నాను.

అడ్వాన్సు కట్టాక, ఒక ఆదివారం కారులో తీసుకువెళ్లారు. మేడారం జాతరకు ఎన్నోసార్లు వెళ్లిన దారే. పస్రా దాటాక రోడ్డుకు రెండు వైపులా టేకు, నల్లమద్ది, చల్లటి గాలి. బేరగాళ్లు మనల్ని అంత దూరం తిప్పేది ఆ గాలి కోసమే. తాడ్వాయికి ముందు మట్టిబాటలో లోపలికి వెళ్తే చదును చేసిన నేల, వరుసగా సున్నం పూసిన రాళ్లు. ఒక రాయి మాత్రం మిగతావాటికంటే లావుగా, సగం నేలలోకి దిగబడి ఉంది. కారు తాళంచెవితో గీకితే సున్నం కింద చెక్కిన అంకె బయటపడింది. పాత సర్వే రాయి అన్నాడు ఏజెంటు. మేకలు తోలుకుపోతున్న ఒక కోయ పెద్దాయన ఆగి, “అది అడవి హద్దు రాయి సారూ” అన్నాడు. ఏజెంటు ఆయన్ని కసిరి పంపేశాడు. అప్పటికే డబ్బు కట్టి ఉన్నాను కదా, నాకు ఏజెంటు మాటే నమ్మబుద్ధయింది.

రిజిస్ట్రేషన్ ఎప్పుడని అడిగితే, వంద రూపాయల స్టాంపు కాగితం మీద నోటరీ చాలన్నారు. పట్టా చూస్తే ఒక గిరిజన రైతు పేరున ఉంది. అప్పుడు తహసీల్దారు కార్యాలయానికి వెళ్లాను. గుమాస్తా ఊరి పేరు చూసి, మిగతాది చదవకుండానే కాగితం నా వైపు జరిపాడు. “ఏజెన్సీ గ్రామం. మీరు ఎస్టీనా?” కాదన్నాను. “అయితే టీ తాగి ఇంటికి వెళ్లండి.”

1959 నాటి భూబదలాయింపు నిబంధనలను 1970లో సవరించారు. జనం 1/70 చట్టం అనేది దాన్నే. షెడ్యూల్డు ప్రాంతంలో, అంటే గుమాస్తా చెప్పిన ఏజెన్సీలో, గిరిజనేతరుడు భూమి కొంటే చెల్లదు. అమ్మేవాడు గిరిజనుడైనా, గిరిజనేతరుడైనా ఒకటే. కౌలు అని పేరు మార్చినా అది కూడా బదలాయింపు కిందికే వస్తుంది. ఇక పోడు పట్టా (అడవి భూమిని సాగుచేసుకుంటున్నవాళ్లకు ఇచ్చేది) చూపిస్తే, 2006 అటవీ హక్కుల చట్టం ప్రకారం అది వారసులకు దక్కుతుందే తప్ప అమ్మడానికి వీల్లేదు. ఆ రాయికి లోపలి నేల అడవిదే అయితే పట్టా మాటే పుట్టదు. 800 చదరపు కిలోమీటర్లకు పైగా ఉన్న ఈ అభయారణ్యం 1950ల నుంచి ఉంది. ఇన్నేళ్లలో దాని అంచున ఒక్క కాలనీ కూడా ఎందుకు లేవలేదో నాకు తట్టలేదు చూడండి!

పట్టాదారును తర్వాత వెతికి పట్టుకున్నాను. సంతకానికి అతని చేతిలో పెట్టింది 5 వేలు. తన చేనును ప్లాట్లుగా కోశారని అతనికి నేను చెబితేనే తెలిసింది. అతని మీద నాకు కోపం లేదు.

మీకు ఎవరైనా సర్వే నంబరు ఇస్తే ప్రభుత్వ భూరికార్డులుండే భూభారతి పోర్టల్‌లో చూసుకోండి. అంతటితో ఆగకుండా ఆ గ్రామం షెడ్యూల్డు ప్రాంతంలో ఉందా అని మండల కార్యాలయంలో నోరు తెరిచి అడగండి. నేను ఆ పని డబ్బు కట్టాక చేశాను. నోటరీతో సరిపెడతామనేవాడి దగ్గర ఇక చూడవలసింది ఏమీ లేదు, లేచి వచ్చేయండి. ఇదే బేరంలో ఇరుక్కున్నవాళ్లు రసీదులు, ఫోను సందేశాలు చెరిపేయకుండా దాచండి. పోలీసులు నన్ను మొదట అడిగినవి అవే.

పోయిన వారం మా పక్కింటాయనకు ఒక రంగుల కాగితం వచ్చింది. ఈసారి పాకాల అభయారణ్యం పక్కన అట. సంస్థ పేరు కొత్తది, ఫోను నంబరు కొత్తది. సింహం మాత్రం అదే.